త్రికోణమలై శాంకరీదేవి దర్శనం, అనురాధపురం, కొలంబో: అమ్మానాన్నలతో శ్రీలంక ఎలా తిరగాలి?

పాదగయ_అమ్మాయి (పిఠాపురం, ప్రస్తుతం పుణె)

అందరికీ నమస్కారమండి. మా అమ్మ రోజూ సాయంత్రం దీపం పెట్టాక అష్టాదశ శక్తిపీఠ స్తోత్రం చదువుకుంటుంది. మాది పిఠాపురమే కాబట్టి పురుహూతికా అమ్మవారు ఇంటి దేవత లెక్క. ద్రాక్షారామం, శ్రీశైలం, అలంపురం అయ్యాయి. కంచి, కొల్హాపూర్, ఉజ్జయిని కూడా చూసింది. స్తోత్రంలో అందరికంటే ముందు వచ్చే లంకలోని శాంకరీదేవి మాత్రం మిగిలిపోయింది. "ఓపిక ఉండగానే తీసుకెళ్లవే" అని అడుగుతోంది.

నాన్నగారు సోషల్ మాస్టారుగా రిటైరయ్యారు. ఆయనకు పాత రాజధాని అనురాధపురం, సిగిరియా కొండకోట చూడాలని. తమ్ముడికి కొలంబో, సముద్రం. డిసెంబరులో వారం రోజులు పైన సెలవు దొరికేలా ఉంది. ఇక్కడ ట్రావెల్స్ వాళ్లను అడిగితే "రామాయణ యాత్ర" అని ప్యాకేజీ చూపించారు. అందులో కాండీ, నువర ఎలియ, ఎల్ల, కొలంబో ఉన్నాయి, త్రికోణమలై లేదు. కావాలంటే డబ్బులు కట్టి పొద్దున వెళ్లి రాత్రికి తిరిగి వచ్చేయొచ్చంటున్నారు. అనురాధపురం ఊసే లేదు.

అమ్మకు మోకాళ్ల నొప్పులు, పూర్తి శాకాహారం. తెలిసినవాళ్లు దారి చెప్పండి.

కొలంబో_కాపురం (విశాఖ, ప్రస్తుతం కొలంబో)

అమ్మాయ్, ముందు డిసెంబరు మార్చుకో. శ్రీలంకకు రెండు వానకాలాలు. మే నుంచి సెప్టెంబరు దాకా నైరుతి వానలు కొలంబో, గాలె, కొండల పడమటి వైపు పడతాయి. అక్టోబరు, నవంబరు నుంచి జనవరి దాకా ఈశాన్య వానలు తూర్పున పడతాయి, అంటే సరిగ్గా మీ అమ్మగారు వెళ్లాల్సిన త్రికోణమలై వైపు. డిసెంబరులో కొలంబో బీచ్‌లు బాగుంటాయని ప్యాకేజీ వాళ్లు ఆ నెల అమ్ముతారు, అది వాళ్ల దారికి సరిపోతుంది. మీ దారికి ఫిబ్రవరి చివరి వారం, మార్చి మంచివి. రెండు వైపులా పొడిగానే ఉంటుంది.

ఏప్రిల్ అనుకుంటే 13, 14 తేదీలు తప్పించు. సింహళుల, తమిళుల సంవత్సరాది అప్పుడే. డ్రైవర్లతో సహా అందరూ సొంతూళ్లకు పోతారు, కొట్లు, హోటళ్లు చాలావరకు మూసేస్తారు.

ఇంకొకటి. దిగీ దిగగానే కొలంబో వెళ్లకండి. విమానాశ్రయం కటునాయకేలో ఉంది, ఊరికి ఉత్తరాన ముప్పై కిలోమీటర్లు పైనే. అనురాధపురం కూడా ఉత్తరానే కదా. కొలంబోలోకి వెళ్లి మళ్లీ ట్రాఫిక్‌లో బయటికి రావడం దండగ. అటునుంచి అటే అనురాధపురం వెళ్లిపోయి, కొలంబోని ఆఖరికి పెట్టుకోండి.

బెజవాడ_యాత్రికుడు (విజయవాడ)

ప్యాకేజీని అంత తీసిపారేయొద్దు మేడమ్. మేమూ అలాంటి యాత్రలోనే వెళ్లాం. నువర ఎలియ దగ్గర సీత ఎలియలో సీతమ్మ గుడి చూశాం. పక్కనే ఏరు పారుతుంటుంది, బండ మీద గుంటల్ని హనుమంతుడి పాదాలని చూపిస్తారు. అక్కడ నిలబడితే మా ఆవిడకు కన్నీళ్లు ఆగలేదు. 2024 మేలో ఆ గుడికి కుంభాభిషేకం చేసినప్పుడు అయోధ్య నుంచి సరయూ జలం పంపించారు. చిలాపం దగ్గర మున్నేశ్వరం కూడా చూడాలి. రావణ వధ తర్వాత రాముడు శివపూజ చేసిన చోటని అక్కడి స్థలపురాణం. పెద్దవాళ్లకు ఇవి కావాలిగానీ పాత ఇటుకల దిబ్బలు చూసి ఏం చేస్తారు? ఎండలో తిప్పి తిప్పి అలసిపోతారు.

చెరువుగట్టు (హనుమకొండ)

బెజవాడ తమ్ముడూ, సీతమ్మ గుడి గురించి నువ్వు చెప్పింది నాకూ నచ్చింది. ఇటుకల దిబ్బ అన్న మాట దగ్గర మాత్రం ఆగుతా.

నేను నీటిపారుదల శాఖలో పనిచేసి రిటైర్ అయిన. రామప్ప, లక్నవరం, పాకాల చెరువుల కట్టల మీదనే నా నౌకరీ సగం గడిచింది. అనురాధపురం పోయినప్పుడు మొదలు గుళ్లు కాదు, తిస్స వెవ కట్ట ఎక్కిన. ఆ చెరువుకు నీళ్లు యాడికెల్లి వస్తయో తెలుసా? కళా వెవ అని ఇంకో పెద్ద చెరువు, ఐదో శతాబ్దంల ధాతుసేనుడు కట్టించిండు. అక్కడినుంచి జయగంగ అనే కాల్వ 87 కిలోమీటర్లు వంకలు తిరుక్కుంట అనురాధపురం వస్తది. మొదటి భాగంల ఆ కాల్వ వాలు కిలోమీటరుకు పది సెంటీమీటర్ల లెక్కన ఉంటది. ఇయ్యాల మెషిన్లు పెట్టి కొలుసుకుంట తవ్వినా అంత సన్న వాలు పట్టుడు కష్టం. వాళ్లు పదిహేను వందల ఏండ్ల కింద పట్టిన్రు, అది ఇప్పటికీ పారుతున్నది.

తూముల దగ్గర ఇంకో సంగతి. చెరువు పెద్దగైతే తూముల నీటి ఒత్తిడికి కట్ట కోసుకపోతది. దానికి వాళ్లు కట్టల్నే రాతితోని చతురస్రంగ బావి లాంటిది కట్టిన్రు, బిసోకోటువ అంటరు. నీటి జోరు ఆ బావిల తగ్గి, తర్వాత కాల్వల పడతది.

పొలన్నరువల పరాక్రమ సముద్రం అనే చెరువు పరాక్రమబాహు రాజుది, 12వ శతాబ్దం. పడిన వాన చుక్క జనానికి పనికిరాకుంట సముద్రంల కలువద్దన్నది ఆయన పట్టుదల అని వాళ్ల చరిత్ర గ్రంథంల రాసి ఉంటది. ఆయన పోయింది 1186ల. ఇక్కడ గణపతిదేవుడు 1199ల గద్దెనెక్కిండు, 1213ల రామప్ప గుడి, దాని వెనుక చెరువు. రెండు చోట్ల కూడా గుడి, చెరువు జంటగనే పుట్టినయి.

అనురాధపురంల స్తూపం గంట కొట్టినా, అన్నం వండినా ఈ నీళ్లతోనే నడిచింది. మీ నాన్నగారు సోషల్ సార్ అన్నరు కదా బిడ్డా. సాయంత్రం పూట ఆయనను తిస్స వెవ కట్ట మీద కూసోబెట్టు. టికెట్ లేదు, మెట్లు లేవు, అమ్మకు కూడా ఇబ్బంది ఉండది.

విజయపురి_సౌత్ (మాచర్ల)

చెరువుగట్టు గారికి నమస్సులు. బెజవాడ అన్నా, మేము బౌద్ధులం. నాకు ఆ ఊరు దిబ్బగా ఎప్పుడూ కనబడలేదు. శ్రీ మహాబోధి చెట్టు దగ్గరికి తెల్లవారుజామున వెళ్లి చూడండి. తెల్లబట్టలు కట్టుకున్న జనం కలువపూల పళ్లేలతో వరుసలో నిలబడతారు. ముసలివాళ్లు, చంటిపిల్లల తల్లులు, పరీక్షలు రాయబోయే పిల్లలు, అందరూ వస్తారు. అశోకుడి కూతురు సంఘమిత్ర క్రీ.పూ. 3వ శతాబ్దంలో బోధగయ నుంచి తెచ్చిన కొమ్మ అది. మనిషి నాటిన చెట్లలో, నాటిన కాలం తెలిసినవాటిలో, దానికంటే పాతది లేదంటారు. 1985లో, అంతర్యుద్ధం రోజుల్లో, అక్కడే తుపాకులతో జనాన్ని చంపారు. ఆ నేల మీదే మళ్లీ రోజూ పూలు పెడుతున్నారు.

మనకూ దానికీ చుట్టరికం ఉంది. నాగార్జునకొండలో ఇక్ష్వాకు రాజు వీరపురుషదత్తుడి కాలంనాటి శాసనం ఒకటి దొరికింది. బోధిసిరి అనే ఉపాసిక చేసిన దానాలు అందులో వరుసగా ఉన్నాయి. తామ్రపర్ణి, అంటే లంక నుంచి వచ్చిన థేరవాద ఆచార్యుల కోసం కట్టించిన చైత్యగృహం, సింహళ విహారంలో బోధివృక్షానికి కట్టించిన మందిరం అందులోవే. మూడో శతాబ్దంలో మా కృష్ణ ఒడ్డున లంక భిక్షువులు ఉండేవారు, వాళ్లకో విహారం, అందులో ఒక బోధిచెట్టు. ఆ లోయ ఇప్పుడు సాగర్ నీళ్ల కింద ఉంది. మా ఊళ్లో లాంచీ ఎక్కి మ్యూజియం దీవికి వెళ్లే ప్రతిసారీ నాకు అదే గుర్తొస్తుంది. మీ నాన్నగారు అనురాధపురంలో బోధి దగ్గర నిలబడ్డప్పుడు ఈ సంగతి చెప్పండి.

జేతవన స్తూపం కూడా చూపించండి. మహాసేన రాజు కాలంలో మొదలుపెట్టింది, మొదట 122 మీటర్ల ఎత్తు ఉండేది. అప్పటి ప్రపంచంలో గీజా పిరమిడ్లు రెండూ తప్ప దానికంటే ఎత్తైన కట్టడం లేదు. ఇప్పుడు 71 మీటర్ల దాకా మిగిలింది. మొత్తం ఇటుకే.

పద్ధతులు కొన్ని తప్పనిసరి. భుజాలు, మోకాళ్లు కప్పే లేతరంగు బట్టలు కట్టుకోండి. చెప్పులు, టోపీ బయటే వదలాలి. మధ్యాహ్నం రాయి మాడిపోతుంది కాబట్టి సాక్సులు దగ్గర పెట్టుకోండి. బుద్ధుడికి వీపు పెట్టి సెల్ఫీ అస్సలు వద్దు. తమ్ముడికి మరీ మరీ చెప్పండి. 2014లో చేతి మీద బుద్ధుడి పచ్చబొట్టు ఉందని ఒక బ్రిటిష్ పర్యాటకురాలిని వెనక్కి పంపేశారు.

బెజవాడ_యాత్రికుడు

విజయపురి తమ్ముడూ, నువ్వు చెప్పాక నాకు అర్థమైంది. దిబ్బ అన్న మాట వెనక్కి తీసుకుంటున్నాను. నాగార్జునకొండ శాసనం సంగతి నిజంగా తెలియదు. అయినా అడుగుతున్నాను, మోకాళ్ల నొప్పులున్న ఆవిడకు వారంలో ఇవన్నీ అవుతాయా? ఏదో ఒకటి వదులుకోవాలి కదా.

కొలంబో_కాపురం

వదులుకోవాలి అన్నయ్యా, ఆ మాట నిజం. ఏది వదలాలన్నదే లెక్క. నన్నడిగితే ఎల్ల, బెంతోట, గాలె వదిలేయమంటాను. అవి కుర్రాడు తన స్నేహితులతో ఎప్పుడైనా వస్తాడు.

త్రికోణమలైలో మాత్రం రెండు రాత్రులు ఉండాల్సిందే. పొద్దున వెళ్లి సాయంత్రం వచ్చేస్తే అమ్మగారికి అమ్మవారి దర్శనం పది నిమిషాలు, కారు ప్రయాణం పది గంటలు. ఎన్నో ఏళ్లుగా తలుచుకున్న చోటికి అలా తీసుకెళ్లకు.

ఆ చోటు ఎలా ఉంటుందో చెప్తాను. ఊరి చివర సముద్రంలోకి పొడుచుకొచ్చిన కొండ ఉంటుంది, స్వామి రాక్ అంటారు. దారి ఫ్రెడరిక్ కోటలోంచి వెళుతుంది. లోపల చుక్కల జింకలు మనుషుల మధ్యే తిరుగుతుంటాయి. కొండ చివర కోనేశ్వర స్వామి, ఆ ఆవరణలోనే శాంకరీదేవి సన్నిధి. ఆ సన్నిధి చిన్నది, ఆర్భాటం ఉండదు. శ్రీశైలమంత గుడిని ఊహించుకుని వెళ్లొద్దని అమ్మగారికి ముందే చెప్పు. అక్కడున్న పాత మహాలయాన్ని 17వ శతాబ్దం మొదట్లో, 1620ల్లో, పోర్చుగీసువాళ్లు పడగొట్టారు. ఆ రాళ్లే కోట గోడల్లోకి వెళ్లాయి. మీరు కోట ద్వారం దాటుతున్నప్పుడు పాత గుడిని తాకుతూ వెళుతున్నట్టే. 1956లో సైన్స్ ఫిక్షన్ రచయిత ఆర్థర్ సి. క్లార్క్, ఆయన మిత్రుడు మైక్ విల్సన్ కొండ కింద సముద్రంలో మునిగి చూస్తే చెక్కిన స్తంభాలు, గుడి రాళ్లు నీళ్లలో కనిపించాయి. ఇప్పుడున్న గుడి 20వ శతాబ్దంలో తమిళ భక్తులు చందాలు పోగుచేసి మళ్లీ కట్టుకున్నది.

ఏడో శతాబ్దంలో జ్ఞానసంబంధర్ కోనేశ్వరుడి మీద తేవారం, అంటే తమిళ శివస్తుతి, పాడారు. సాయంత్రం హారతి వేళ లోపల మంత్రాలు, బయట కొండ అంచున అలల హోరు. అమ్మగారు తన స్తోత్రం అక్కడే కూర్చుని నెమ్మదిగా చదువుకోవచ్చు, తొందరపెట్టేవాళ్లు ఉండరు. శుక్రవారం మాత్రం జనం ఎక్కువ.

ఆటో గుడికి బాగా దగ్గరగా వెళుతుంది, ఆఖర్న కాస్త నడక, కొన్ని మెట్లు. మధ్యాహ్నం కొంతసేపు తలుపులు మూస్తారు, అందుకని పొద్దున తొందరగానో సాయంత్రమో వెళ్లండి. మర్నాడు కన్నియ వేడినీటి బావులకు వెళ్లండి. ఏడు బావులు, ఒక్కోదాంట్లో ఒక్కో వేడి. రావణుడు తల్లికి కర్మకాండ చేయడానికి నేలను పొడిచి తెప్పించిన నీళ్లని చెబుతారు. బెజవాడ అన్నయ్య రామాయణం అక్కడా దొరుకుతుంది.

పాదగయ_అమ్మాయి

అమ్మకు ఇదంతా చదివి వినిపించానండి. కోట రాళ్ల సంగతి విని చాలాసేపు మాట్లాడలేదు. తర్వాత "గుడి చిన్నదైతే ఏం, అమ్మ అక్కడే ఉంది కదా" అంది. మార్చికే మార్చుకుంటున్నాం.

భోజనం గురించి ఎవరైనా చెప్పరూ? కాండీలో ఎంతసేపు ఉండాలి? బుద్ధుడి దంతధాతువు నిజంగా చూపిస్తారా?

చిత్తూరు_రెడ్డప్ప (చిత్తూరు)

కాండీ అంటే నేను చెప్తాను పాపా, మాకు దగ్గరి సంబంధం ఉంది దాంతో.

దళదా మాలిగావ అని ఆ దంతం ఉండే గుడి, అక్కడ దంతం బయటికి చూపించరు. పూజ వేళ లోపలి గది తలుపు తీస్తే బంగారు కరండం, అంటే స్తూపం ఆకారంలో ఉండే పెట్టె, దూరం నుంచి కనబడతాది. జనం వరుసగా కదల్తా ఉండాల్సిందే. పొద్దున ఐదున్నర, తొమ్మిదిన్నర, సాయంత్రం ఆరున్నరకు డప్పులతో పూజ చేస్తారు. పొద్దున ఐదున్నరది మేలు, జనం తక్కువ. 1998లో అక్కడ లారీ బాంబు పేలింది. అందుకే తనిఖీ గట్టిగా ఉంటాది, ఓపిక పట్టాల.

ఆ గుడి ముందర ఎనిమిది మూలల మండపం ఉంది. కట్టించింది కాండీ ఆఖరి రాజు శ్రీ విక్రమ రాజసింహుడు. దాని ముందరి చెరువు కూడా ఆయన తవ్వించిందే. ఆయన చిన్నప్పటి పేరు కన్నసామి. 1739లో కాండీ రాజు బిడ్డలు లేకుండా పోతే, మదురై నాయక రాజుల బంధువుల నుంచి వచ్చిన రాణి తమ్ముడు గద్దెనెక్కినాడు. ఆ నాయకులు తెలుగు మూలాలున్నోళ్లు. అట్లా 1815 దాకా నలుగురు నాయక రాజులు కాండీని ఏలినారు. వాళ్లలో కీర్తిశ్రీ రాజసింహుడు సయాం, అంటే ఇప్పటి థాయ్‌లాండ్ నుంచి భిక్షువుల్ని పిలిపించి, 1753లో ఉపసంపదను, అంటే పూర్తి భిక్షు దీక్షను మళ్లీ మొదలుపెట్టించినాడు. బౌద్ధమే ఆ దేశంలో సన్నగిల్లిపోయిన కాలంలో దాన్ని నిలబెట్టింది, శైవ ఇంట పుట్టిన దక్షిణాది రాజు. ఈ మాట ఇక్కడ ఎవురూ చెప్పరు, నాకు చెప్పాలని ఉంటాది.

ఇంగ్లీషోళ్లు 1815లో ఆఖరి రాజును పట్టుకొని, తర్వాత రాయవేలూరు కోటకు తెచ్చి పెట్టినారు. 1832లో అక్కడే చచ్చిపోయినాడు. పాలారు ఒడ్డున ఆయన సమాధి ఉంది, ముత్తుమండపం అంటారు. మా చిత్తూరికి గంట దారి. వేలూరు ఆస్పత్రికి పోయే మనోళ్లు వేలల్లో ఉంటారు, ఆ మండపం ముందర నుంచే పోతా ఉంటారు. ఒక్కసారి దిగి చూడండి.

ఆయన సింహాసనం, కిరీటం లండన్‌కు పోయి, 1934లో తిరిగొచ్చినాయి. కొలంబో మ్యూజియంలో పెట్టినారు. కాండీలో మండపం, కొలంబోలో సింహాసనం, వేలూరులో సమాధి. మీ నాయన సోషల్ అయ్యవారు కదా, మూడూ చూపించు.

గుంటూరు_గ్రేస్ (గుంటూరు)

భోజనం సంగతి నేను చెప్తాను అక్కా. మేం మడు మాత గుడికి వెళ్లినప్పుడు మా అత్తగారిది కూడా శాకాహారమే. అప్పం, ఇడియాప్పం, పిట్టు, పప్పుకూర దొరకని ఊరు లేదు. చూసుకోవాల్సింది ఒక్కటే, ఉంబలకడ. ఎండబెట్టిన చేప ముక్కల పొడి. కొబ్బరి సంబోల్‌లో, ఒక్కోసారి పప్పులో, ఆకుకూరలో కూడా వేస్తారు, వాళ్ల లెక్కలో అది మాంసం కిందికి రాదు. అందుకని "వెజ్ కావాలి" అంటే చాలదు. "మస్, మాళు, ఉంబలకడ ఎపా" అనండి. మాంసం, చేప, ఎండుచేప వద్దని. త్రికోణమలై, యాళ్పాణం (జాఫ్నా) వైపు తమిళుల సైవ కడైలు, అంటే శాకాహార హోటళ్లు ఉంటాయి, అక్కడ భయం లేదు. కొలంబోలో వెల్లవత్త అంతా అవే.

మడు గురించి కూడా ఒక మాట. మన్నారు వైపు అడవిలో ఉన్న గుడి. ఆగస్టు ఉత్సవానికి సింహళ కతోలికులు, తమిళ కతోలికులు కలిసి వస్తారు. 2009 దాకా యుద్ధం జరిగిన దేశంలో రెండు భాషల్లో ఒకే ప్రార్థన వినడం నాకు చాలా పెద్ద విషయం అనిపించింది. అనురాధపురం నుంచి ఒక పూట పని. అక్కవాళ్లకు కుదరకపోవచ్చు, తర్వాత ఈ చర్చ చదివే క్రైస్తవుల కోసం రాస్తున్నాను.

విజయపురి_సౌత్

పౌర్ణమి చూసుకోండి. ప్రతి పౌర్ణమీ అక్కడ పోయ సెలవు. మద్యం, మాంసం అమ్మరు. మీకు దానితో పనిలేదనుకోండి, గుళ్లలో మాత్రం జనం విపరీతం. అమ్మగారికి ఆ రోజు అనురాధపురం కష్టం. నాబోటివాడికి అదే కావాలి. జూన్‌లో పోసన్ పౌర్ణమికి మిహింతలె కొండ నిండా తెల్లబట్టలే ఉంటాయి. అశోకుడి కొడుకు మహిందుడు లంక రాజు దేవానాంపియ తిస్సను కలిసింది ఆ పౌర్ణమినాడే అంటారు. దారి పొడవునా దన్సల్ పందిళ్లు, ఎవరొచ్చినా ఉచితంగా భోజనం. మిహింతలెకు 1840 మెట్లు. బండి సగం పైకి వెళుతుంది గానీ మిగిలినవీ ఎక్కువే. అమ్మగారికి వద్దు.

చెరువుగట్టు

సిగిరియా కూడా అమ్మకు వద్దు. 1200 మెట్ల దాకా ఉంటయి, నడుమ ఇనుప మెట్లు. నాన్న, తమ్ముడు పొద్దున గేటు తీయంగనే ఎక్కాలె. పది దాటితే ఎండ, జనం. అమ్మ కింద తోటల్ల కూసుంటది. ఆ తోటలు కశ్యప రాజు కాలంవి, ఐదో శతాబ్దం. వానలు మంచిగ పడ్డప్పుడు ఫౌంటెన్లు ఇప్పటికీ చిమ్ముతయి. పాస్‌పోర్టు కాపీ కాకుంట అసలుదే వెంట ఉంచుకోండ్రి. సార్క్ దేశాలోళ్లకు అనురాధపురం, సిగిరియా, పొలన్నరువ టికెట్లు తక్కువకు ఇస్తరు, అడిగితేనే ఇస్తరు.

ఇంకో ముచ్చట. అనురాధపురం జిల్లాల తంబుత్తేగమ దగ్గర కూడగమ అని ఊరున్నది. అహికుంటకులని పిలుస్తరు, పాములాడించుకుంట, కోతులాడించుకుంట, సోది చెప్పుకుంట తిరిగినోళ్లు. వాళ్ల ఇంటి భాష తెలుగు. తూర్పున అక్కరైపట్టు దిక్కు అలిగంబేల కూడా ఉన్నరు. ఊరిని బట్టి కొందరు బౌద్ధులైన్రు, కొందరు క్రైస్తవులైన్రు. పిల్లలు సింహళంల, తమిళంల చదువుతున్నరు, తెలుగు పెద్దోళ్ల నోట్లనే మిగులుతున్నది.

పాదగయ_అమ్మాయి

చెరువుగట్టు గారూ, నిజమాండీ! అయితే ఆ ఊరు వెళ్లి వాళ్లతో మాట్లాడొచ్చా? నాన్నగారు ఇది వినగానే లేచి కూర్చున్నారు.

కొలంబో_కాపురం

వెళ్లొచ్చు, అయితే పామునాడించమని డబ్బులిచ్చి ఫొటోలు తీసే బృందాల్లా వెళ్లొద్దు. ఆ చూపు వాళ్లు తరతరాలుగా భరించారు. తెలిసిన స్థానికుల ద్వారా ముందుగా కబురు పెట్టి, పెద్దవాళ్లు ఒప్పుకుంటేనే వెళ్లండి. నాన్నగారు మాస్టారు కదా, పిల్లలకు బొమ్మల తెలుగు పుస్తకాలు తీసుకెళ్తే బాగుంటుంది. వాళ్లకు మన లిపి రాదు, బొమ్మ చూపించి పేరు చెబితే ముసలివాళ్లు అందుకుంటారు. వాళ్ల మాట మన తెలుగులా ఉండదు, నెమ్మదిగా వినాలి.

తమ్ముడి కొలంబో గురించి ఎవరూ రాయలేదు, నేనే రాస్తాను. నేనుండే ఊరిని ఆఖరి రోజు షాపింగ్‌కే వాడుకుంటే నాకు బాధేస్తుంది. తామర గోపురం, 350 మీటర్లు, 2022లో జనానికి తెరిచారు. అదే ఏడాది ఆర్థిక సంక్షోభంలో పెట్రోలు కోసం ఇక్కడ రోజుల తరబడి వరుసల్లో నిలబడ్డాం, గాలె ఫేస్ మైదానం నిండా జనం గుడారాలు వేసుకుని కూర్చున్నారు. జూలైలో అధ్యక్షుడు దేశం వదిలి వెళ్లిపోయాడు. ఇప్పుడు సాయంత్రం అదే మైదానంలో పిల్లలు గాలిపటాలు ఎగరేస్తారు, రొయ్యల వడలు అమ్ముతారు. అక్కడి నుంచి చూస్తే సముద్రాన్ని పూడ్చి కట్టిన పోర్ట్ సిటీ కనిపిస్తుంది, 269 హెక్టార్లు. అది ఎవరికి ఉపయోగమన్న వాదన ఇక్కడ ఇంకా తెగలేదు. తమ్ముడిని అక్కడ నడిపించండి, ఈ దేశం ఎలాంటి దెబ్బ తిని లేచిందో తెలుస్తుంది.

బెయ్‌రా సరస్సు మీద సీమమాలక ఉంది, ఇక్కడి వాస్తుశిల్పి జెఫ్రీ బావా గీసిన నమూనా. నీళ్ల మీద తేలుతున్నట్టుండే ధ్యానమందిరం. మెట్లు పెద్దగా లేవు, అమ్మగారికి హాయి. కెలనియ విహారం ఊరి పొలిమేరలోనే. అక్కడ విభీషణుడికి గుడి ఉంది. రోజూ పూజ అందుకునే విభీషణుడు! బెజవాడ అన్నయ్యా, మీ ప్యాకేజీలో ఉందో లేదో గానీ నా వరకు అసలైన రామాయణ యాత్ర అదే.

రెడ్డప్ప గారు చెప్పిన మ్యూజియంలో మూడు భాషల శాసనం కూడా చూడండి. చైనా నౌకాధిపతి ఝెంగ్ హె వేయించినది, 1409 నాటిది, గాలెలో దొరికింది. చైనా భాషలో బుద్ధుడికి, తమిళంలో తెన్‌వరై నాయనార్‌కి, అంటే దక్షిణ కొసన ఉన్న విష్ణువుకి, పారశీకంలో అల్లాకి కానుకలు సమర్పించినట్టు ఒకే రాయి మీద రాసి ఉంది. కానుకల జాబితా దాదాపు ఒకేలా ఉంటుంది. నేను ఎవరొచ్చినా మొదట దాని ముందుకే తీసుకెళ్తాను.

బెజవాడ_యాత్రికుడు

కెలనియకు మమ్మల్ని తీసుకెళ్లలేదండీ. విభీషణుడి గుడి పక్కనుంచి విమానాశ్రయానికి వెళ్లిపోయామన్నమాట. మళ్లీ రావాలి. పాదగయ అమ్మాయీ, అమ్మగారికి సీత ఎలియ కూడా చూపించమని నా మాటగా అడుగు. కాండీ నుంచి రైల్లో నాను ఓయ దాకా వెళ్తే అక్కడి నుంచి దగ్గరే, టీ తోటల మధ్య నుంచి వెళుతుంది, ఘాట్ రోడ్డు కుదుపులు ఉండవు. రిజర్వేషన్ ముందే చేసుకోవాలి, తెరిచిన వెంటనే అయిపోతాయి.

పాదగయ_అమ్మాయి

అందరూ చెప్పినవి కలిపి ఇలా అనుకున్నామండి. హైదరాబాద్ నుంచి నేరుగా కొలంబో విమానం, దిగగానే అనురాధపురం. అక్కడ రెండు రాత్రులు. మొదటి సాయంత్రం తిస్స వెవ కట్ట, మర్నాడు తెల్లవారుజామున మహాబోధి. తర్వాత త్రికోణమలై రెండు రాత్రులు, మధ్యలో శుక్రవారం రాకుండా చూసుకుంటాం. అటునుంచి పొలన్నరువలో గల్ విహారలోని రాతిలో చెక్కిన బుద్ధ విగ్రహాలు, చెరువు చూసి హబరణలో బస. నాన్న, తమ్ముడు సిగిరియా ఎక్కి వస్తారు. కాండీ, సీత ఎలియ, చివరికి కొలంబో. దంబుల్ల గుహలు, ఎల్ల, గాలె వదిలేశాం. కూడగమకు వెళ్లేదీ లేనిదీ అక్కడివాళ్లు ఒప్పుకున్నదాన్ని బట్టి. పిల్లల పుస్తకాలు నాన్న నిన్ననే కాకినాడ నుంచి తెచ్చారు.

ఇందులో తొందరగా ఉన్నది ఏదైనా ఉందంటారా?

కొలంబో_కాపురం

ఒక్కటే. కాండీ, సీత ఎలియ, కొలంబో రోజుకొకటిగా పెట్టినట్టున్నావు. కాండీలో రెండు రాత్రులు ఉంచు. రైలు ఆలస్యమైతే ఆ రోజంతా పోతుంది, అమ్మగారు అలసిపోతారు. రోజు సరిపోకపోతే హబరణ రాత్రి ఒకటి తగ్గించుకోండి, పొలన్నరువను త్రికోణమలై నుంచి వచ్చే దారిలోనే చూసేయొచ్చు.

ఈటీఏ, అంటే ఆన్‌లైన్ ప్రయాణ అనుమతి, ప్రభుత్వ వెబ్‌సైట్‌లోనే తీసుకో. అచ్చం అలాగే కనిపించే దళారుల సైట్లు చాలా ఉన్నాయి, ఎక్కువ డబ్బు లాగుతారు. వీసా రుసుము నిబంధనలు తరచూ మారుతుంటాయి కాబట్టి టికెట్లు కొనే రోజు మళ్లీ ఒకసారి చూడు. మన రూపాయికి వాళ్ల రూపాయలు మూడు పైనే వస్తాయి, చిల్లర దగ్గర ఉంచుకోండి, గుళ్ల దగ్గర పూలకు, చెప్పుల స్టాండుకు కావాలి.

డ్రైవర్‌ను మాట్లాడేటప్పుడు తమిళం, సింహళం రెండూ వచ్చినవాణ్ణి అడుగు. త్రికోణమలైలో అమ్మగారికి పూజారితో గోత్రనామాలు చెప్పించాలంటే అతనే దిక్కు. తేదీలు ఖాయమయ్యాక నాకు విడిగా సందేశం పెట్టు. కొలంబోలో ఒక పూట భోజనం మా ఇంట్లో, ఉంబలకడ లేకుండా.